తెర మీదికి రాని స్టార్ వార్స్: బురద గ్రహంలో ఒక గని ఊరు

సినిమా హాలు బయట కూడా సినిమా చూడడం మన తెలుగువాళ్లకు కొత్త కాదు. ఇంటర్వెల్లో అమ్మే పాటల పుస్తకం, రేడియోలో సంక్షిప్త శబ్దచిత్రం, పత్రికల్లో వెండితెర నవల. టికెట్టుకు డబ్బుల్లేని రోజుల్లో మా తరం సగం సినిమాలు ఇలాగే చూసింది. అయితే అవన్నీ తెర మీద ఉన్న కథనే తిప్పి చెప్పేవి. సినిమా అయిపోయిన చోట మొదలుపెట్టి, తెర మీదికి ఏనాడూ రాని కథ చెప్పే పుస్తకం ఒకటి ఈ వేసవిలో చదివాను. మన పత్రిక వచ్చే ఇళ్లలో దాని గురించి చెప్పాల్సిన సంగతి ఉంది. అది సగం ఆ కథలో ఉంది, సగం ఆ కథ రాసినాయన కూలి లెక్కలో ఉంది.

పుస్తకం పేరు ‘స్ప్లింటర్ ఆఫ్ ద మైండ్స్ ఐ’. మన మాటల్లో మనోనేత్రపు తునక అనుకోవచ్చు. రాసింది అలన్ డీన్ ఫాస్టర్ అనే అమెరికా రచయిత. అచ్చయింది 1978లో. స్టార్ వార్స్ మనుషుల్ని తీసుకుని, సినిమాలో లేని కథతో వచ్చిన మొదటి పూర్తి నవల ఇదే. తర్వాత ఇలాంటివి వందల్లో వచ్చాయి, దారి వేసింది మాత్రం ఇది.

నా ప్రతికి అట్ట లేదు. హైదరాబాదులో ఉండే మా బామ్మర్ది ఒక ఆదివారం ఆబిడ్స్ ఫుట్‌పాత్ మీద నలభై రూపాయలకు కొన్నాడు. నేను జిన్నింగు మిల్లులో కాటా దగ్గర చీటీలు రాసేవాణ్ని, నా ఇంగ్లీషు కూడా ఆ చీటీలంతే. సీజను ముగిసి మిల్లు మూసేశాక, చేతిలో పనీ డబ్బూ రెండూ లేని నెలల్లో, పక్కన డిక్షనరీ పెట్టుకుని రోజుకు నాలుగైదు పేజీలు చదివాను. చదివింది చదివినట్టు సాయంత్రం మా రేకుల ఇళ్ల ముందు పిల్లలకు చెప్పేవాణ్ని. మా దేవసూగూరు పిల్లలు బడిలో కన్నడం చదువుతారు, ఇంట్లో తెలుగు మాట్లాడతారు, ఫోనులో హిందీ డబ్బింగు సినిమాలు చూస్తారు. వాళ్లకు తెలుగులో కథ చెప్పేవాడు దొరికితే వదలరు.

సినిమా చూడనివాళ్ల కోసం రెండు ముక్కలు. స్టార్ వార్స్ మొదటి సినిమా అమెరికాలో 1977 మే 25న విడుదలైంది. తీసింది జార్జ్ లూకాస్. చుక్కల లోకాలన్నిటినీ ఒక సామ్రాజ్యం గుప్పిట్లో పెట్టుకుంటుంది. దాని మీద తిరగబడినవాళ్లలో లేయా అనే రాకుమారి ఒకతె. ఎడారి గ్రహంలో సేద్యం చేసుకునే ఇంట్లో పెరిగిన ల్యూక్ స్కైవాకర్ అనే కుర్రాడు ఆమెకు తోడవుతాడు. అప్పుల్లో మునిగి సొంత లారీ మీద తిరిగే డ్రైవరు లాంటివాడు ఇంకొకడు, హాన్ సోలో. అతని లారీ ఆకాశంలో ఎగురుతుంది, అంతే తేడా. అవతలి పక్క డార్త్ వేడర్. నల్ల ముసుగు, బుస్సుబుస్సుమనే ఊపిరి, చేతిలో వెలుగు కత్తి. మొదటి సినిమా చివర సామ్రాజ్యపు పెద్ద ఆయుధం పేలిపోతుంది, వేడర్ మాత్రం తప్పించుకుంటాడు. మన నవల దాని తర్వాత మొదలవుతుంది.

ఒకరి కథకు ఇంకొకరు కొనసాగింపు కడితే అది అసలుదా నకిలీదా అని మా ఇళ్లలో ఒక పూట వాదన జరిగింది. నాకైతే ఆ అనుమానం లేదు. ‘మాయాబజార్’లో శశిరేఖ వ్యాసుడి భారతంలో లేదు. ఆమెను జనం కల్పించుకున్నారు, నాటకాలవాళ్లు పెంచారు, 1957లో సినిమావాళ్లు మన ఇంటి పిల్లను చేశారు. ఇప్పుడు శశిరేఖ లేదంటే ఊరుకునేదెవరు? ‘బాహుబలి’ సినిమాకు ముందు జరిగిన కథంటూ ఆనంద్ నీలకంఠన్ 2017లో శివగామి మీద ఇంగ్లీషు నవల రాశాడు. పెద్ద కథ ఉన్నచోట పక్కన పిల్ల కథలు మొలుస్తూనే ఉంటాయి.

ఈ నవల పుట్టిన తీరు మాత్రం వేరు. ఇది పుట్టింది ఖర్చు భయంలోంచి. సినిమా విడుదల కాకముందు అది ఆడుతుందని ఎవరికీ నమ్మకం లేదు. దాని మీద పెట్టింది కోటి డాలర్ల పైచిలుకు. ఓ మోస్తరుగా ఆడితే రెండో సినిమాను తక్కువ డబ్బులో చుట్టేయాలని లూకాస్ ఆలోచన. అందుకు పనికొచ్చే కథను నవలగా రాయమని ఫాస్టర్‌ను అడిగాడు. అప్పటికే మొదటి సినిమా కథను నవలగా రాసింది ఫాస్టరే. అది 1976 చివర్లో, సినిమా కంటే ముందే అచ్చయింది. అట్ట మీద పేరు మాత్రం లూకాస్‌ది. ఒప్పందమే అంత.

తక్కువ ఖర్చు అన్న షరతు పుస్తకంలో ప్రతి పేజీలో కనిపిస్తుంది. కథ దాదాపు మొత్తం ఒకే గ్రహం మీద నడుస్తుంది. ఆ గ్రహం నిండా పొగమంచు, బురద. మంచు కమ్మితే వెనకాల సెట్టింగు వేయక్కర్లేదు కదా! మొదట్లో ఆకాశంలో ఓడల యుద్ధం ఒకటి రాస్తే, సినిమాగా తీయడానికి ఖర్చని తీసేయించారు. హాన్ సోలో అసలు కథలోనే లేడు, ఎందుకంటే ఆ వేషం వేసిన హారిసన్ ఫోర్డ్ రెండో సినిమాకు అప్పటికి ఒప్పుకోలేదు. వీధి నాటకం వాళ్లకు ఒక్క తెర, ఒక్క పెట్రోమాక్సు లైటు ఉంటే దర్బారూ అడవీ రెండూ దాంట్లోనే చూపిస్తారు. ఫాస్టర్ చేసింది అదే పని. తీరా సినిమా ఎవరూ ఊహించనంత ఆడింది. ఖర్చు భయం పోయింది, ఈ కథ అవసరమూ పోయింది. 1980లో వచ్చిన రెండో సినిమాకు వేరే కథ, వేరే బడ్జెట్టు. ఇది పుస్తకంగా మిగిలింది.

ఇక కథ. ల్యూక్, లేయా రెండు చిన్న ఓడల్లో ఒక గ్రహానికి పోతుంటారు. అక్కడి జనాన్ని తిరుగుబాటులోకి రమ్మని అడగడం వాళ్ల పని. మధ్యలో తుఫానుకు చిక్కి మింబన్ అనే గ్రహం మీద పడిపోతారు. ఎటు చూసినా చిత్తడి. నడిచీ నడిచీ ఒక ఊరు చేరతారు. అది గనుల ఊరు. సామ్రాజ్యం అక్కడ గుట్టుగా గని తవ్విస్తోంది. మనవాళ్లు పట్టుబడకుండా ఉండాలంటే గని పనివాళ్ల బట్టలు వేసుకోవాలి. రాకుమారి, వీరుడు, ఇద్దరూ పనిబట్టల్లో. అక్కడికి వచ్చేసరికి పుస్తకం మూయబుద్ధి కాలేదు.

ఎందుకంటే అలాంటి ఊరు నాకు తెలుసు. మా దేవసూగూరుకు ఒక పక్క కృష్ణ, ఒక పక్క సూగూరేశ్వరుడి గుడి, మధ్యలో శక్తినగర్ చిమ్నీలు. ఇక్కడి థర్మల్ కేంద్రంలో మొదటి యూనిట్ 1985లో మొదలైంది. ఇప్పుడు ఎనిమిది యూనిట్లు, 1720 మెగావాట్లు. దానికి సింగరేణి నుంచి కూడా బొగ్గు వస్తుంది. రాత్రిపూట గూడ్సు బండి పోతుంటే మా పిల్లలు డబ్బాలు లెక్కపెడతారు. ఆ బొగ్గు తవ్విన చేయి తెలుగు చేయి, ఇక్కడ దాన్ని మండించే చేతుల్లో కన్నడం తెలుగూ కలిసి ఉంటాయి. కాబట్టి ఆకాశంలో ఎక్కడో ఒక గని ఊరంటే పిల్లలకు విడమర్చి చెప్పే పని పడలేదు. “వాళ్లకు షిఫ్టు ఎన్ని గంటలకు మారుతది కాకా?” అని నేరుగా అడిగేశారు.

ఆ ఊరి అధికారి పేరు గ్రామెల్. అతని హోదా కెప్టెన్-సూపర్‌వైజర్. సైన్యం హోదా సగం, మేస్త్రీ హోదా సగం. ఈ ఒక్క మాట చెప్పగానే పక్కన కూర్చున్న పెద్దవాళ్లు కూడా నవ్వారు. పని చేయించేవాడి చేతిలోనే తుపాకీ కూడా ఉంటే ఊరు ఎలా ఉంటుందో ఫాస్టర్ బాగా చూపించాడు. జైలు, గని ఆఫీసు అన్నీ అతని కింద. ఎవరి మీదైనా అనుమానం వస్తే అడిగేవాడు లేడు. ఆ గ్రహం మీద ముందునుంచీ ఉన్న జాతులవాళ్లు సారా కోసం గని మనుషుల కాళ్ల దగ్గర పడి ఉంటారు. అది చదివితే కడుపులో దేవినట్టయింది. భూమి వాళ్లది. వచ్చినవాళ్లు గని తవ్వుకున్నారు, వాళ్లకు మిగిలింది సీసా. ఆ గుంపుల్లో అందరూ అలా లేరు. భూగర్భంలో కోవే అనే జాతి తమ బతుకు తాము బతుకుతుంటుంది, సైనికులు దిగి వచ్చినప్పుడు ఎదురు నిలబడి కొడుతుంది. మా పిల్లలకు వీరులందరికంటే ఆ కోవేలే నచ్చారు.

సారా దుకాణంలో ఒక సంఘటన ఉంది. లేయా ల్యూక్‌కు పనిమనిషిలా నటిస్తుంటుంది. చుట్టూ జనం అనుమానంగా చూస్తున్నారని, నటన నిజమనిపించడానికి ల్యూక్ ఆమెను చెంప మీద కొడతాడు. నేను దీన్ని పిల్లలకు చెప్పలేదు. మా ఇంటావిడకు చెబితే, “రాకుమారికి దెబ్బ తగిలితే కథలో రాస్తరు. నిజంగ పనిమనిషి అయితే అది కథ కూడ గాదు” అంది. ఆమె పదేళ్లు ఇళ్లలో అంట్లు తోమింది. నేను మళ్లీ ఆ పేజీ తిప్పి చదవలేదు.

అక్కడే హల్లా అనే ముసలామె తగులుతుంది. ఆమె దగ్గర ఎర్రగా మెరిసే రాతి తునక ఉంటుంది. పుస్తకం పేరులో తునక అదే. స్టార్ వార్స్‌లో ‘ఫోర్స్’ అని ఒక శక్తి ఉంది, లోకమంతా నిండి ఉండి కొందరికి మాత్రమే పట్టుబడేది. ఆ రాయి ఎవరి చేతిలో ఉంటే వాళ్లకు ఆ శక్తిని పెంచుతుంది. పూర్తి రాయి అడవిలో పాడుబడిన గుడిలో ఉందట. అది వేడర్ చేతికి పోకముందే అందుకోవాలి. అక్కణ్నుంచి జైలు, జైల్లోంచి పారిపోవడం, వెంటపడే కొండంత పురుగు, నేలలోపలి చెరువు. చందమామ కథల్లో మాంత్రికుడి గుహ దాకా సాగే ప్రయాణం చదివినవాళ్లకు ఇదంతా సొంత ఊరి దారిలాగే ఉంటుంది. ఈ భాగం నేను గబగబా చదివాను, ఇక్కడా గబగబా దాటేస్తున్నాను.

చివర గుడిలో వేడర్ ఎదురవుతాడు. ల్యూక్ రాళ్ల కింద చిక్కుకుని ఉంటాడు. అప్పుడు వెలుగు కత్తి అందుకుని ముందు నిలబడేది లేయా. ఓడిపోతుంది, ఒళ్లంతా గాయాలవుతాయి, అయినా నిలబడుతుంది. మొదటి మూడు సినిమాల్లో ఎక్కడా ఆమె చేతికి ఆ కత్తి ఇచ్చి యుద్ధం చేయించలేదు. తక్కువ ఖర్చు పుస్తకం మాత్రం ఇచ్చింది. తర్వాత ల్యూక్ వేడర్‌తో తలపడతాడు, వేడర్ లోతైన గుంతలో పడిపోతాడు. చచ్చాడా లేదా అన్నది తేల్చరు. సినిమావాళ్లకు మళ్లీ కావాలి కదా.

నాకు నచ్చనిది ఒక్కటే గట్టిగా చెబుతాను. అంత పెద్ద గని ఊరు కట్టి, అందులో ఒక్క గని కార్మికుడికైనా ఇల్లూ పెళ్లాం పిల్లలూ ఇవ్వలేదు ఫాస్టర్. వాళ్లు తాగుతారు, వీధిలో కొట్టుకుంటారు, పేజీలోంచి వెళ్లిపోతారు. గని లోపల పని ఎలా ఉంటుందో, దీపం ఎవరు పట్టుకుంటారో, కూలి వారానికా నెలకా అన్నది లేదు. రాజుల కథలో పనివాళ్లు తెర వెనక బొమ్మలే అనుకుంటే సరిపోతుంది గానీ, ఈయన మనల్ని ఊళ్లోకి తీసుకెళ్లి మరీ చూపించలేదు.

కథగా ఈ పుస్తకానికి తర్వాత విచిత్రమైన గతి పట్టింది. ఇందులో ల్యూక్‌కూ లేయాకూ మధ్య కొంచెం ప్రేమ వాసన ఉంటుంది. 1983లో వచ్చిన మూడో సినిమాలో వాళ్లిద్దరూ కవల అన్నాచెల్లెళ్లని చెప్పారు. ఈ నవల రాసేనాటికి ఆ సంగతి ఫాస్టర్‌కు తెలిసే వీలే లేదు. 2014లో కంపెనీవాళ్లు అంతవరకూ వచ్చిన నవలలన్నీ అసలు కథలోవి కావు, వాటిని ‘లెజెండ్స్’ పేరుతో పక్కన పెడుతున్నామన్నారు. అంటే పాత ఇంట్లోంచి వేరు పెట్టినట్టు. అయినా 2018లో హాన్ సోలో మీద తీసిన సినిమాలో మింబన్ పేరుతోనే ఒక బురద గ్రహం చూపించారు. వేరు పెట్టినవాడి గొడ్డలి మాత్రం ఇంట్లోనే ఉంచుకున్నారన్నమాట.

ఇప్పుడు కూలి లెక్క సంగతి. స్టార్ వార్స్ తీసిన లూకాస్‌ఫిల్మ్ కంపెనీని 2012లో డిస్నీ కొనుక్కుంది. నాలుగు వందల కోట్ల డాలర్ల పైమాట. పుస్తకం అమ్ముడైన ప్రతిసారీ రచయితకు కొంత భాగం ఇవ్వాలని ఒప్పందంలో ఉంటుంది, దాన్ని రాయల్టీ అంటారు. మన భాషలో ముక్క కూలి అనుకోండి, ముక్క అమ్మినన్నాళ్లూ వచ్చే కూలి. కంపెనీ చేతులు మారాక, ‘స్ప్లింటర్’కూ మొదటి సినిమా నవలకూ తనకు రావాల్సిన రాయల్టీ ఆగిపోయిందని ఫాస్టర్ చెప్పాడు. పుస్తకాలు మాత్రం అచ్చవుతూనే ఉన్నాయి. 2019లో డిస్నీ ఫాక్స్ కంపెనీని కూడా కొంది. ఫాస్టర్ రాసిన ‘ఏలియన్’ సినిమా నవలల విషయంలోనూ అదే ఫిర్యాదు.

అప్పటికి ఆయనకు 74 ఏళ్లు. ఆయనకు క్యాన్సరు, భార్యకూ ఆరోగ్యం బాగాలేదు. ఒంటరిగా ఉత్తరాలు రాసి విసిగి, చివరికి సంఘం దగ్గరికి వెళ్లాడు. అమెరికాలో సైన్స్ కల్పన రాసేవాళ్లకు 1965లో పుట్టిన ఒక సంఘం ఉంది. 2020 నవంబరులో ఆ సంఘం అధ్యక్షురాలు మేరీ రాబినెట్ కోవాల్ ఈ సంగతి బయటపెట్టింది. డిస్నీ వాదన ఇదని సంఘం చెప్పింది: మేము హక్కులు కొన్నాం, వాటితో వచ్చే బాధ్యతలు కొనలేదు. మాట్లాడాలంటే ముందు ఈ విషయం బయట చెప్పనని సంతకం పెట్టమన్నారని ఫాస్టర్ తన బహిరంగ లేఖలో రాశాడు.

ఈ వాక్యాలు నేను మా బామ్మర్ది ఫోనులో చదివాను. చదివి లేచి వెళ్లి మంచినీళ్లు తాగాను.

ఎందుకంటే ఆ మాటలు నేను ముందు విన్నాను, కన్నడంలో. మా నాన్న నది అవతల పాలమూరు పక్క నుంచి వచ్చి ఒక మిల్లులో ఇరవై రెండేళ్లు చేశాడు. మిల్లు పేరు వద్దు. 1990లలో అది వేరే చేతికి పోయింది. కొత్త ఆయన గేటు దగ్గర నిలబడి, నేను మిషన్లు కొన్నాను, షెడ్డు కొన్నాను, మీ పాత సర్వీసు కొనలేదు, పని కావాలంటే ఈరోజు నుంచి కొత్తగా పేరు రాయించుకోండి అన్నాడు. ఇరవై రెండేళ్ల మనిషి ఒక్క పూటలో కొత్త కూలీ అయ్యాడు. అప్పటి చట్టం అలా లేదు. 1947 నాటి పారిశ్రామిక వివాదాల చట్టంలో 25ఎఫ్‌ఎఫ్ అనే సెక్షను ఉండేది. దాని ప్రకారం మిల్లు చేతులు మారితే పనివాడి సర్వీసు తెగకుండా, షరతులు తగ్గకుండా కొనసాగాల్సి ఉండేది, పాత సర్వీసు కూడా కొత్త యజమాని లెక్కలోకి రావాల్సి ఉండేది. లేదంటే నోటీసూ పరిహారమూ దక్కాల్సి ఉండేది. 1972 నాటి గ్రాట్యుటీ చట్టం ప్రకారం ఐదేళ్లు నిండినవాడికి ఏడాదికి పదిహేను రోజుల జీతం లెక్కన రావాల్సి ఉండేది. ఇదంతా మా నాన్నకు గేటు దగ్గర తెలియదు. యూనియను మనిషి ఒకాయన కాగితం మీద రాసి చూపించాకే తెలిసింది. నాన్న జీతం చీటీలన్నీ మా అమ్మ జొన్నపిండి డబ్బాలో దాచింది. చీటీలు ఉన్నవాళ్లకు మూడేళ్లు తిరిగాక కొంత వచ్చింది. లేనివాళ్లకు రాలేదు. నేను కాటా చీటీకి ఇప్పటికీ రెండో కాపీ రాయడానికి కారణం ఆ డబ్బా.

ఫాస్టర్ వెనకాల ఆ సంఘం ఒక్కటే నిలబడలేదు. డిటెక్టివ్ కథలు రాసే ఆడవాళ్ల సంఘం, ప్రేమకథలు రాసేవాళ్ల సంఘం, దయ్యాల కథలు రాసేవాళ్ల సంఘం, అన్నీ కలిసి ఉమ్మడి కమిటీ పెట్టాయి. ఇలాగే డబ్బు ఆగిపోయిన రచయితలు ఇంకా ఎవరెవరున్నారో వెతికాయి. దయ్యాల కథలవాళ్లూ ప్రేమకథలవాళ్లూ ఒకే బెంచీ మీద కూర్చున్నారంటే మన జిన్నింగువాళ్లూ రైసుమిల్లువాళ్లూ హమాలీలూ ఒక్క జెండా కింద నిలబడినట్టే. 2021లో ఫాస్టర్ లెక్క తేలింది. ఇంకో మాట చెప్పాలి. అంతకుముందు 2015లో వచ్చిన స్టార్ వార్స్ సినిమాకు నవల రాసింది కూడా ఫాస్టరే. పాత బాకీ అక్కడే ఉంది, కొత్త పని మాత్రం చేశాడు. ఎందుకు చేశావని మా వీధిలో ఎవరూ అడగరు.

పుస్తకం ఇప్పుడు మా ఇంట్లోనే ఉంది. కావలసినవాళ్లు వచ్చి తీసుకెళ్లవచ్చు. మొదటి ముప్పై పేజీలు బురదలో నడిచినట్టే ఉంటుంది, ఓపిక పట్టండి, గని ఊరు వచ్చాక నడక తేలికవుతుంది. అంచుల్లో పెన్సిలుతో తెలుగు అర్థాలు రాసి పెట్టాను. అట్ట లేదు కాబట్టి వానలో తీసుకుపోవద్దు.

పిల్లలకు కథ పోయిన వారం పూర్తయింది. వేడర్ గుంతలో పడ్డాడని, లేయా గాయాలు మానాయని, అందరూ పొగమంచులోకి వెళ్లిపోయారని చెప్పి లేవబోయాను. ఐదో తరగతి చదివే పిల్ల చెయ్యి పట్టుకుని కూర్చోబెట్టింది.

“అది సరే కాకా. గనిల పనిజేసెటోళ్లు యేమైండ్రు?”

“పుస్తకంల లేదు బిడ్డా.”

“లేకుంటే నువ్వు చెప్పు.”

నేను ఆలోచిస్తుంటే ఒకడు గని మూతపడిందన్నాడు. ఇంకొకడు కోవేలు గనిని పట్టుకున్నారన్నాడు. హమాలీ కొడుకు ఒకడు, ఎప్పుడూ వెనకాల కూర్చుంటాడు, ఎక్కువ మాట్లాడడు. వాడు నేల మీద పుల్లతో గీస్తూ, తల ఎత్తకుండా అన్నాడు.

“ఇంకెవడో కొన్నడు.”